కైసరు నాణెం మన నేలలో



పోయిన సంవత్సరం మట్టల ఆదివారం నాటి ప్రసంగంలో నేనొక తప్పు చెప్పాను. రోము పట్టణం తగలబడిపోతూ ఉంటే నీరో చక్రవర్తి మేడమీద కూర్చుని ఫిడేలు వాయించాడన్నాను. చిన్నప్పటి నుండి విన్న మాటే కదా, ఎప్పుడూ వెనక్కి తిరిగి చూసుకోలేదు. ఆరాధన ముగిశాక డిగ్రీ రెండో సంవత్సరం చదువుతున్న ఒక అబ్బాయి నా దగ్గరకు వచ్చాడు. వాళ్ల నాన్నగారు మా కడియంలోనే ఒక నర్సరీలో అంట్లు కడతారు. "అయ్యగారండీ, ఫిడేలు అప్పటికి పుట్టనే లేదండి" అన్నాడు. అక్కడితో ఆగినా బాగుండేది. "ఇది తప్పయితే మిగిలినవి ఎలా నమ్మమంటారండీ?" అని కూడా అడిగాడు.

ఆ ప్రశ్నకు ఆ పూట నా దగ్గర జవాబు లేదు. "ప్రార్థన చేద్దాం బాబూ" అని పంపేశాను. అది జవాబు కాదని అతనికీ తెలుసు, నాకూ తెలుసు.

ఆ వారమంతా రోము చరిత్ర పుస్తకాలు ముందేసుకుని కూర్చున్నాను. వేదాంత విద్య చదివే రోజుల్లో పరీక్ష కోసం చదివినవి కొన్ని, అప్పుడు భయపడి వదిలేసినవి కొన్ని. భయమని ఎందుకంటున్నానంటే, గిబ్బన్ అనే ఇంగ్లీషు పండితుడు రోమన్ సామ్రాజ్య పతనం గురించి 1776 నుండి 1788 వరకు ఆరు సంపుటాలు వెలువరించాడు. మొదటి సంపుటంలో 15, 16 అధ్యాయాలు క్రైస్తవ సంఘం మీద విసుర్లు. ఆ రోజుల్లో ఎందరో బోధకులు కోపంతో జవాబులు రాశారు. కోపం తెచ్చుకునే ముందు చదవాలని నాకు నలభై దాటాక తెలిసింది.

నీరో సంగతికి వస్తాను. అగ్నిప్రమాదం జరిగింది క్రీ.శ. 64లో. టాసిటస్ అనే రోమన్ చరిత్రకారుడు రాసిన ప్రకారం, మంటలు మొదలైనప్పుడు నీరో ఊళ్లోనే లేడు, ఆంటియంలో ఉన్నాడు. తిరిగి వచ్చి ఇల్లు కాలిన వాళ్ల కోసం తన తోటలు తెరిపించాడు. అయితే ఊరు కాలుతుంటే ట్రాయ్ పట్టణం కాలిపోయిన పాట పాడుకున్నాడనే పుకారు జనంలో పాకింది. తన మీద పడ్డ అనుమానం తప్పించుకోవడానికి నేరం క్రైస్తవుల మీదకు నెట్టాడు. అదే చోట టాసిటస్, క్రీస్తు అనే ఆయనకు తిబెరి కాలంలో పొంతి పిలాతు మరణశిక్ష వేయించాడని కూడా రాశాడు. టాసిటస్ మన స్నేహితుడు కాడు. మన విశ్వాసాన్ని పీడ అనుకున్న మనిషి. అందుకే ఆయన సాక్ష్యానికి అంత విలువ.

జోసీఫసు పుస్తకం దగ్గర మాత్రం జాగ్రత్త కావాలి. యూదుల ప్రాచీన చరిత్ర మీద ఆయన క్రీ.శ. 93 ప్రాంతంలో రాసిన గ్రంథంలో యేసును గురించిన ఒక పేరా ఉంది. మన ప్రసంగాల్లో దాన్ని గొప్పగా చెబుతుంటాం. అందులో కొన్ని మాటలు తరువాతి కాలపు క్రైస్తవ లేఖకులు చేర్చినవని ఎక్కువమంది పండితుల అభిప్రాయం. యేసు సహోదరుడైన యాకోబు మరణం గురించి రాసిన చోటును మాత్రం చాలామంది నిజమైనదనే ఒప్పుకుంటారు. ఆ అబ్బాయికి ఈ రెండూ చెప్పాను. మొదటిది దాచి రెండోదే చెబితే మళ్లీ ఫిడేలు కథే అవుతుంది.

ఇక మనవాళ్లకు రోము చరిత్ర దూరంగా అనిపించడానికి చిన్న కారణం ఒకటుంది. బడి పుస్తకంలో 'సీజర్' అని చదువుతారు, బైబిలులో 'కైసరు' అని చదువుతారు. ఇద్దరూ వేరనుకుంటారు. అపొస్తలుడైన పౌలు కైసరు ఎదుట చెప్పుకొందునన్నప్పుడు ఆ కైసరు ఈ నీరోయేనని మా యౌవనస్థుల కూడికలో చెబితే సగం మంది నోరు తెరిచారు. పెద్దలు కూడా తెరిచారు లెండి.

దేనారము సంగతి ఇంకా విచిత్రం. మత్తయి 22వ అధ్యాయంలో పన్ను గురించి అడిగినవాళ్లను ప్రభువు ఒక దేనారము చూపించమన్నాడు. అది బహుశా తిబెరి కైసరు ముద్ర ఉన్న వెండి నాణెమని పండితులంటారు. ఆ నాణెం ఒకవైపు రాజు తల, చుట్టూ అతడు దైవమైన ఔగుస్తు కుమారుడనే లాటిను అక్షరాలు. ఆ బిరుదు చెక్కిన నాణెం ఎవరి చేతికిచ్చారో తలచుకుంటే ఆ వచనం చదివే తీరే మారిపోతుంది.

అలాంటి నాణేలు మన తెలుగు నేలలో దొరికాయి! నల్లగొండ జిల్లా అక్కెనపల్లిలో ఒకేచోట పదిహేను వందలకు పైగా రోమన్ వెండి దేనారాలు బయటపడ్డాయి. ఔగుస్తు, తిబెరి పేర్లవే. రోమన్ నాణేల గురించి ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం 1965లో పరమేశ్వరీలాల్ గుప్తా గారి చేత ఒక పుస్తకమే వేయించింది. నెల్లూరు దగ్గర 18వ శతాబ్దం చివర ఒక రైతు నాగలి ఇటుకలకు తగిలి ఆగితే, తవ్విన చోట పాడుబడిన చిన్న గుడి, దాని కింద కుండలో రోమన్ బంగారు నాణేలు. పాపం, ఆయన వాటిని పాత బంగారం కింద అమ్మేశాడు. చాలావరకు కరిగిపోయి ఉంటాయి. నాగార్జునకొండలో తిబెరి బంగారు నాణెం దొరికింది. అక్కడి ఇక్ష్వాకుల కాలపు శాసనం ఒకటి మహాచైత్యానికి 170 దీనారి మాషకాలు దానమిచ్చినట్టు చెబుతుంది. ఆ దీనారమూ మన బైబిలు దేనారమూ ఒకే మాట!

ఇవన్నీ ఎందుకొచ్చాయంటే బట్టల కోసం, మిరియాల కోసం, ముత్యాల కోసం. పేరు తెలియని ఒక గ్రీకు వర్తకుడు మొదటి శతాబ్దంలో రాసిన 'పెరిప్లస్' అనే ఓడ ప్రయాణపు పుస్తకంలో మసాలియా అనే మన తీరం ఉంది. అక్కడ సన్నని బట్టలు విస్తారంగా నేస్తారని రాశాడు. టోలెమీ చెప్పిన కొంటకొస్సిల మన ఘంటసాల. ఈ విషయాల మీద వార్మింగ్టన్ 1928లో రాసిన పుస్తకం, అరికమేడు తవ్వించిన వీలర్ 1954లో రాసిన పుస్తకం ఇప్పటికీ చదవదగినవి. వీలర్ పుస్తకం కథలా సాగుతుంది. వార్మింగ్టన్‌ది ఓపికగా చదవాలి.

ఈ సరకుల ఖర్చు చూసి గుండె బాదుకున్నవాడు పెద్ద ప్లీనీ. క్రీ.శ. 77 నాటి తన గ్రంథంలో భారతదేశం ఏటా 5 కోట్ల సెస్టెర్సులు లాగేస్తోందని రాశాడు. నాలుగు సెస్టెర్సులు ఒక దేనారము. ద్రాక్షతోట ఉపమానంలో ఒక దేనారము ఒక రోజు కూలి. అంటే 1 కోటి 25 లక్షల రోజుల కూలి! రెండేళ్ల తరువాత వెసూవియస్ అగ్నిపర్వతం పేలినప్పుడు ఆయన చనిపోయాడు.

ఆయన మేనల్లుడు చిన్న ప్లీనీ. మామ మన బట్టల గురించి బాధపడితే, మేనల్లుడు మన విశ్వాసం గురించి బాధపడ్డాడు. క్రీ.శ. 112 ప్రాంతంలో బితూనియ అధికారిగా ఉండి ట్రాజన్ చక్రవర్తికి ఉత్తరం రాశాడు. క్రైస్తవులు ఒక నియమిత దినాన తెల్లవారకముందే కూడుకుని క్రీస్తును దేవునిగా ఎంచి పాటలు పాడుతున్నారని, నిజం రాబట్టడానికి పరిచారకులనబడే ఇద్దరు దాసీలను హింస పెట్టించానని అందులో ఉంది. వాళ్ల పేర్లు రాయలేదు. తెల్లవారకముందే పూలు కోయడానికి వెళ్లే మా సంఘపు అక్కలకు ఈ సంగతి చదివి వినిపించాను. ఒకామె "వాళ్లిద్దరూ ఏమైపోయారండీ?" అని అడిగింది. ఆ ఉత్తరంలో అది లేదు.

మరుసటి ఆదివారం ప్రసంగానికి ముందే ఫిడేలు తప్పు ఒప్పుకున్నాను. సంఘ పెద్దల్లో ఒకరికి నచ్చలేదు. ఆ అబ్బాయి మాత్రం సాయంత్రం వాళ్ల నాన్నగారిని వెంటబెట్టుకుని వచ్చి వీలర్ పుస్తకం అడిగి తీసుకున్నాడు. అక్కెనపల్లి నాణేల సంగతి విని ఆయన వేళ్లమీద లెక్కేసుకున్నారు. "ఆదివారాలు తీసేస్తే దగ్గర దగ్గర ఐదేళ్ల కూలండి" అన్నారు. కాసేపాగి, "ఎవరు దాచుకున్నారో పాపం, మళ్లీ వచ్చి తీసుకోలేకపోయారు" అన్నారు.