సివిల్ మేటరు మేష్టారూ!

"సివిల్ మేటరు మేష్టారూ, కోర్టుకెళ్లండి."

శ్రీకాకుళం జిల్లాలో ఓ పోలీస్ స్టేషన్లో మా నాన్నకి దొరికిన సమాధానమిది. పక్కింటాయన పాత ప్రహరీ పడగొట్టి, మా పెరట్లోకి రెండడుగులు జరిగి పునాది తవ్వుతున్నాడు. ఇదేంటని అడిగితే గునపం ఎత్తాడు. రాత్రి ఫోన్లో అమ్మ, "ఏటి సేత్తాంరా, ఆళ్లకి మనుషులున్నారు" అంది.

నేనేం చేశానో చెప్పనా? మనందరం చేసేదే. బెంగళూరు ఆఫీసులోంచి బయటికొచ్చి ఓ క్లాస్‌మేట్ బావమరిదికి ఫోన్ కొట్టాను. ఆయన ఇంకెవరికో కొట్టాడు. మర్నాడు కానిస్టేబుల్ వచ్చి పని ఆపించాడు. నేను తెగ పొంగిపోయాను. నాలుగు రోజులకి అటువైపు నుంచి అంతకన్నా పెద్ద ఫోన్ వెళ్లింది. ఈసారి మా నాన్ననే పిలిచి, "సర్దుకుపొండి" అన్నారు. మొదటిరోజు సివిల్ మేటరైనది ఐదోరోజుకి స్టేషన్లో సెటిల్‌మెంట్ ఎలా అయిందండీ?

అసలు ఇక్కడున్నవి రెండు వేర్వేరు టికెట్లు. హద్దు ఎవరిది అన్నది ఒకటి. అది తేల్చాల్సింది సివిల్ కోర్టు, ఎస్సై కాదు. గునపం ఎత్తడం రెండోది. అది ముమ్మాటికీ పోలీసుల పనే. దౌర్జన్యంగా పెరట్లోకి చొరబడటం వారంటు లేకుండానే పట్టుకోదగ్గ నేరం. అలాంటి ఫిర్యాదొస్తే ఎఫ్ఐఆర్ కట్టాల్సిందేనని 2013లో లలితాకుమారి కేసులో సుప్రీంకోర్టు రాజ్యాంగ ధర్మాసనం చెప్పింది. మన పోలీసులు మొదటి టికెట్ చూపించి రెండోది క్లోజ్ చేసేస్తారు. ఫోనొస్తే రెండోది వదిలేసి మొదటిదాన్ని వాళ్లే ఫిక్స్ చేసేస్తారు. రెండూ తప్పే.

పోనీ ఇదేమైనా చిన్న విషయమా? 2020 ఆగస్టులో ఇళ్లస్థలాల గొడవ మీద కాశీబుగ్గ స్టేషన్‌కొచ్చిన దళిత యువకుణ్ణి సీఐ కాలితో తన్నాడు. ఆ వీడియో రాష్ట్రమంతా చూశాక సస్పెండ్ చేశారు. వీడియో లేకపోతే? 2012 జూన్ 12న వంగర మండలం లక్ష్మీపేటలో, మడ్డువలస రిజర్వాయరు కోసం సేకరించి మునగకుండా మిగిలిన భూమి గొడవలో ఐదుగురు దళితుల్ని చంపేశారు. (వంగర అప్పుడు శ్రీకాకుళం, 2022 నుంచి విజయనగరం జిల్లా.) మా రెండడుగుల గోడకీ దానికీ పోలికే లేదు, తెలుసు. అక్కడ కులముంది, బతుకుతెరువుంది. కానీ చంపినవాళ్లూ చచ్చినవాళ్లూ ఒకే ఊరివాళ్లు. ఫోన్ చెయ్యడానికి బెంగళూరులో కొడుకు లేనివాళ్ల సంగతేంటి? మనం రికమండేషన్‌తో రక్షణ కొనుక్కున్న ప్రతిసారీ వాళ్ల వంతు ఇంకాస్త వెనక్కి పోతోంది.

"కోర్టంటే ఇరవయ్యేళ్లు బాబూ" అంటారు. తుది తీర్పుకి పట్టొచ్చు. తాత్కాలిక ఇంజంక్షన్‌కి అంత పట్టనక్కర్లేదు. ఆ ఆర్డరుని అవతలివాడు ఖాతరు చెయ్యకపోతే, సివిల్ ప్రొసీజర్ కోడ్ 151 కింద పోలీసు సాయం ఇవ్వమని కోర్టునే అడగొచ్చు. మన హైకోర్టు ఈ మాట 1971 నాటి లా రిపోర్టుల్లోనే చెప్పింది. శాంతిభద్రతలు దెబ్బతినేలా ఉంటే బీఎన్ఎస్ఎస్ 164 (పాత 145) కింద ఎగ్జిక్యూటివ్ మేజిస్ట్రేటు స్వాధీనంలో ఎవరున్నారో తేలుస్తారు, హక్కు జోలికి పోకుండా. గ్రామకంఠంలో పాత ఇళ్లకి సరైన దస్తావేజులుండవు కాబట్టి, ఇంటిపన్ను రసీదులు, కరెంటు బిల్లులు, పాత గోడ ఫొటోలు ముందే దాచుకోండి.

చివరికి మేం చేసిందిదే. కాగితం మీద రెండు ముక్కలు: "హద్దు మీరు తేల్చక్కర్లేదు. మా ప్రాణానికి రక్షణ ఇవ్వండి." ఒక కాపీ స్టేషన్‌కి, ఇంకోటి రిజిస్టర్డ్ పోస్టులో ఎస్పీకి. 2024 జులై నుంచి ఫిర్యాదు ఈమెయిల్లోనూ పంపొచ్చు, మూడు రోజుల్లో వెళ్లి సంతకం పెట్టాలి. ఇంజంక్షన్ వచ్చింది. కేసు ఇంకా నడుస్తోంది. పునాది గుంత అలాగే ఉంది, వానొస్తే కప్పలు అరుస్తున్నాయి.

ఫోన్‌తో వచ్చిన కానిస్టేబుల్ ఇంకో ఫోన్‌తో వెళ్లిపోతాడు. కాగితం అలా పోదు. ఈసారి ఊర్నించి అమ్మ ఫోన్ వస్తే, కాంటాక్ట్స్ లిస్టు తెరిచే ముందు ఓ తెల్లకాగితం తియ్యండి.