శిక్షకు ముందే పలకవలసిన మాట

పావగడ తాలూకా తుమకూరు జిల్లాలో ఉన్నా, దాని ఎల్లలలో అధికభాగం ఆంధ్రప్రదేశ్‌ను ఆనుకొని ఉంది. ఇంట తెలుగు, కచేరీలో కన్నడం – ఇది మనకు తరతరాల వాడుక. కన్నడం మనకు పరాయిది కాదు. అయితే సంతలో మాట్లాడే కన్నడం వేరు, అభియోగ పత్రంలోని కన్నడం వేరు. ప్రభుత్వోద్యోగిపై క్రమశిక్షణ చర్య మొదలైనప్పుడు ఆ తేడా ఒక కుటుంబపు జీవనాధారాన్నే తాకుతుంది.

"ఏదైనా కోర్టులో తేల్చుకుందాం" అనే ధీమా మనవారిలో తరచుగా చూస్తున్నాను. ఈ ధీమా చేటు తెస్తుందని నా అభిప్రాయం.

కోర్టు మన కేసును మొదటినుంచి మళ్లీ విచారించదు. పోలీసు సబ్ఇన్‌స్పెక్టరు డిస్మిస్‌కు సంబంధించిన ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం – శ్రీరామారావు కేసులో 1963లోనే సుప్రీంకోర్టు ఈ సంగతి స్పష్టం చేసింది. శాఖాపరమైన విచారణపై హైకోర్టు అప్పీలు కోర్టు కాదు. అధికారం గలవారే విచారించారా, నియమాలు పాటించారా, సహజ న్యాయం జరిగిందా అన్నవే అది చూస్తుంది. ఎంతోకొంత సాక్ష్యం ఉంటే, అది చాలునా అన్న ప్రశ్నలోకి పోదు. శిక్ష మోతాదు విషయమూ అంతే. అంతరాత్మను దిగ్భ్రాంతి పరచేటంత అన్యాయమైన శిక్ష అయితే తప్ప న్యాయస్థానం జోక్యం చేసుకోదని 1995లో బి.సి. చతుర్వేది కేసులో తేలింది.

కనుక గెలుపోటములు చాలావరకు విచారణ గదిలోనే నిర్ణయమవుతాయి. మన పొరుగున ఉన్న కోలారు బంగారు గనుల ఉదంతమే చూడండి. భారత్ గోల్డ్ మైన్స్ భద్రతాధికారి ఒకరిని 1985లో సస్పెండు చేసి, జీవనభృతి చెల్లించకుండా, ఆయన పరోక్షంలోనే విచారణ ముగించి, 1986లో డిస్మిస్ చేశారు. అవే ఆరోపణలపై నడిచిన క్రిమినల్ కేసులో 1987లో ఆయన నిర్దోషిగా తేలారు. అయినా సుప్రీంకోర్టు ఆయనను తిరిగి ఉద్యోగంలోకి తీసుకోమన్నది 1999లో. న్యాయం దక్కింది, కాని పద్నాలుగేళ్లు గడిచాయి. మన ఇళ్లలో ఎన్ని ఇళ్లు అంతకాలం నిలదొక్కుకోగలవు?

హైదరాబాదు ఇ.సి.ఐ.ఎల్. కేసులో 1993లో వచ్చిన రాజ్యాంగ ధర్మాసనం తీర్పును కూడా గుర్తుంచుకోవాలి. శిక్ష విధించే అధికారి వేరు, విచారణాధికారి వేరు అయినప్పుడు, శిక్ష నిర్ణయానికి ముందే విచారణ నివేదిక ప్రతిని ఉద్యోగికి ఇవ్వాలి. ఇవ్వనంత మాత్రాన శిక్ష రద్దు కాదు. దానివల్ల తనకు కలిగిన నష్టాన్ని ఉద్యోగి చూపించాలి.

ఇక భాష సంగతి. రాజ్యాంగం 311వ అధికరణం ప్రకారం, కొన్ని మినహాయింపులు తప్ప, ఆరోపణలు తెలియజేసి సమాధానానికి సముచిత అవకాశం ఇవ్వనిదే ప్రభుత్వోద్యోగిని తొలగించరాదు. అర్థం కాని కాగితాన్ని చేతికిచ్చి సంతకం పెట్టించుకోవడం తెలియజేయడం ఎలా అవుతుంది? 350వ అధికరణం రాష్ట్రంలో వాడుకలో ఉన్న ఏ భాషలోనైనా ఫిర్యాదు విన్నవించుకొనే హక్కునిచ్చింది. ఆ హక్కు స్ఫూర్తి విచారణ గదిలోనూ నిలవాలని నా వాదన. కన్నడ పరీక్షలు ఉత్తీర్ణులైన ఉద్యోగులకు ఈ వాదన అంతగా పనికిరాకపోవచ్చు. చిన్న కొలువుల్లో ఉన్న అటెండరుకు, పారిశుద్ధ్య కార్మికునికి మాత్రం ఇది బతుకు ప్రశ్న.

కాబట్టి అర్థం కాని పత్రంపై సంతకం చేయవలసివస్తే "అందినది, అర్థం కాలేదు, తెలుగు అనువాదం కోరుతున్నాను" అని అక్కడే రాయండి. అనువాదం వచ్చేదాకా గడువు కోరండి, కోరిన ప్రతి కాగితానికీ రసీదు తీసుకోండి. విచారణకు మాత్రం గైరుహాజరు కావద్దు. తుది ఉత్తర్వు వచ్చాక రాష్ట్ర పరిపాలనా ట్రిబ్యునల్‌కు వెళ్లేందుకు చట్టం సాధారణంగా ఇచ్చే గడువు ఒక్క ఏడాదే.

ప్రభుత్వం సరిహద్దు తాలూకాలలో అనువాద సదుపాయం కల్పించాలని మనం పోరాడవలసిందే. అది సాధించేలోగా మన అభ్యంతరం దస్త్రంలోకి ఎక్కాలి. దస్త్రంలో లేని మాటకు ఏ న్యాయస్థానంలోనూ విలువ ఉండదు.