చట్టానికీ గడపకూ నడుమ ఒక పండితుడు

చట్టాలు ఎట్లా పుడతాయో పార్లమెంటు గ్యాలరీలో కూర్చుని చూడడం ఢిల్లీ విలేఖరి వృత్తి. పుట్టిన చట్టం ఏనాటికి ఇంటి గడప దాటి లోపలికి వెళుతుందో, దానిని ఎవరు చేయిపట్టి తీసుకువెళతారో చూడడానికి మాత్రం గ్యాలరీ లేదు. ఈ ప్రశ్న ఎదురైనప్పుడల్లా నాకు ఒక పేరు స్ఫురిస్తుంది: పండిట్ ముఖ్‌రామ్ శర్మ. ఆయన ఎవరని అడిగేవారే నేడు ఎక్కువ.

ఢిల్లీకి సుమారు 70 కిలోమీటర్ల దూరంలోని మీరట్ ప్రాంతంలో 1909లో జన్మించిన శర్మ హిందీ, సంస్కృతం బోధించిన ఉపాధ్యాయుడు. తరువాత చిత్రసీమకు వెళ్లి కథకుడైనారు. ఉత్తమ కథకు ఫిలింఫేర్ ఇచ్చిన తొలి బహుమతి ఆయన రచించిన ‘ఔలాద్’ (1954)కు దక్కింది. ‘ఏక్ హీ రాస్తా’ (1956), ‘సాధనా’ (1958), ‘ధూల్ కా ఫూల్’ (1959) కూడా ఆయన కథలే.

ఈ సంవత్సరాలను చట్టాల పక్కన నిలిపి చూడండి. వితంతు పునర్వివాహ చట్టం వచ్చినది 1856లో. రాజమహేంద్రవరంలో వీరేశలింగం తొలి వితంతు వివాహం జరిపించినది 1881లో. చట్టానికి సరిగా నూరేళ్లు నిండిన ఏట ‘ఏక్ హీ రాస్తా’ విడుదలైంది. అందులో వితంతువు కొత్త కాపురానికి అడ్డు నిలిచేది శాస్త్రమూ కాదు, శాసనమూ కాదు. తల్లి పక్కన మరొక తండ్రిని ఊహించుకోలేని పసివాడు. ఏ చట్టమూ ఆ పిల్లవానికి నచ్చజెప్పలేదు. కథ చెప్పగలదు.

వ్యభిచార వ్యాపార నిరోధానికి పార్లమెంటు 1956లో చట్టం చేసింది. ఆ చట్టం పోలీసుల చేతికి అధికారం ఇచ్చింది. రెండేళ్లకు వచ్చిన ‘సాధనా’ వేరొక ప్రశ్న వేసింది: ఆ వీధి విడిచి వచ్చిన స్త్రీని మన ఇంట కోడలిగా స్వీకరించగలమా? ఇక ‘ధూల్ కా ఫూల్’లో తల్లి విడిచిన బిడ్డను పెంచి పెద్దచేసేవాడు ఒక ముస్లిం. దేశవిభజన నాటి గాయం అప్పటికి పన్నెండేళ్లది మాత్రమే.

ఈ సంస్కరణ పిరికిదని ఆక్షేపించేవారు ఉన్నారు. వీరి మాటలో కొంత నిజం లేకపోలేదు. ఈ కథలలో స్త్రీ తన శీలాన్ని పదే పదే రుజువు చేసుకోవలసి వస్తుంది. పురుషునికి ఆ పరీక్ష లేదు. అయినప్పటికీ అత్తా కోడళ్లు, తల్లీ పిల్లలు పక్కపక్కన కూర్చుని చూడగలిగేటట్లు ఈ ప్రశ్నలు వేయడం సామాన్యమైన పని కాదని నా అభిప్రాయం. ఉపన్యాసం విన్నవారు చప్పట్లు కొట్టి ఇంటికి పోతారు. ఈ కథలు మాత్రం చూసినవారి వెంట ఇంటికి వచ్చాయి.

తెలుగువారికీ ఆయన పూర్తిగా పరాయివాడు కాదు. మన ‘బ్రతుకుతెరువు’ (1953) ఆధారంగా ఎల్.వి. ప్రసాద్ నిర్మించిన ‘జీనే కీ రాహ్’ (1969)కు సంభాషణలు సమకూర్చినది శర్మే. 1961లో సంగీత నాటక అకాడమీ ఆయనను పురస్కరించింది. చివరకు మీరట్‌కే తిరిగి వెళ్లి, 2000లో కన్నుమూశారు.

ఆ చిత్రాల తారలను, దర్శకులను, పాటలను లోకం ఇంకా తలచుకుంటున్నది. వాటికి బీజం వేసినవాని పేరే మరుగున పడింది. 2012 నాటి కాపీరైటు చట్ట సవరణ సినీ రచయితల రాబడి హక్కుకు కొంత రక్షణ కల్పించింది. పేరుకు అటువంటి రక్షణ చట్టంతో మాత్రమే రాదు. నవలాకారుల జీవితాలపై చిన్న పుస్తకాలు ప్రచురించే సాహిత్య అకాడమీ చిత్రకథా రచయితలకు కూడా ఆ వరుసలో చోటు ఇవ్వాలి. పాత చిత్రాలు ప్రదర్శించేవారు తొలి పేర్లపట్టికను కత్తిరించకుండా చూపాలి.

శాసనకర్తల విగ్రహాలకు ఈ రాజధానిలో కొదవ లేదు. ఆ శాసనాలను మన ఇళ్లలోకి తెచ్చిన బడిపంతులుకు విగ్రహం అక్కరలేదు. తెరపై ఆయన పేరు కనిపించే ఆ రెండు క్షణాలు మిగిల్చితే చాలు.