తాగినవాడి కెమెరాలో ఇల్లాలు

మన దగ్గర తాగుడు గురించి మాట్లాడింది ఎప్పుడూ ఆడవాళ్ళే. 1992లో నెల్లూరు జిల్లా దూబగుంటలో సారా దుకాణం మూయించినవాళ్ళు చెప్పింది తమ ఒంటిమీది దెబ్బల గురించి, ఇంటికి చేరని కూలి డబ్బుల గురించి. 1993లో సారా నిషేధం, 1995లో సంపూర్ణ మద్యనిషేధం వాళ్ళ పోరాటం వల్లే వచ్చాయి. (రెండోది 1997లోనే సడలిపోయింది, అది వేరే కథ.) తాగేవాడు మాత్రం 'నేను' అంటూ నోరు విప్పగా మనం విన్నది తక్కువ.

అమెరికాలో రిక్ కిర్క్‌హామ్ అనే టీవీ విలేఖరి ఆ పని చేశాడు. చిన్నతనం నుంచీ తనను తానే చిత్రీకరించుకున్నాడు. కొకైన్‌కు బానిసైన రోజుల్లోనూ కెమెరా ఆపలేదు. మూడు వేల గంటల ఆ టేపుల నుంచి ఇద్దరు దర్శకులు 2006లో 'టీవీ జంకీ' అనే డాక్యుమెంటరీ తీశారు. అతని నిజాయితీని నేను తక్కువ చేయను. పోలీసులూ పత్రికలూ చెప్పే కథకన్నా అది నయం. కానీ ఆ ఇంటి గొడవల్లో భార్య ఉంది, పసివాళ్ళున్నారు. తన జబ్బు చూపించబోతే వాళ్ళ భయం కూడా తెరకెక్కింది. పసివాళ్ళ అనుమతి ఎవరడుగుతారు?

ఇప్పుడు మా బంటుమిల్లిలో రొయ్యల చెరువు కాపలా కుర్రాడి చేతిలోనూ కెమెరా ఫోనుంది. తన గంజాయి అలవాటును తానే తీస్తానని ఒకడొస్తే తియ్యమనే అంటాను. అయితే 1985 నాటి మాదకద్రవ్యాల చట్టం 27వ సెక్షన్ ప్రకారం వాడటమే నేరం. ఆ వీడియోనే అతని మీద సాక్ష్యం కావచ్చు. అదే చట్టంలో 64ఏ ఉంది. తనంతట తాను ప్రభుత్వ ఆసుపత్రిలోనో, ప్రభుత్వ గుర్తింపు ఉన్నచోటో వైద్యానికి సిద్ధపడిన వ్యసనపరుడికి ఆ నేరం కింద విచారణ నుంచి రక్షణ ఉంటుంది. వైద్యం మధ్యలో మానేస్తే ఆ రక్షణ పోవచ్చు. పోలీసుస్టేషన్‌కు వెళ్ళే మన కార్యకర్తలు ఈ సెక్షన్ నంబరు గుర్తుపెట్టుకోవాలి.

మరి మత్తుకు అలవాటుపడ్డ ఆడమనిషి? కల్లు తాగే కూలీ, నిద్రమాత్రలు లేనిదే కన్నుమూయలేని ఇల్లాలు మన మధ్య లేరా? మగవాడు తన పతనాన్ని చూపిస్తే ధైర్యమంటారు. ఆమె చూపిస్తే పిల్లల్ని లాక్కుంటారు. జహీరాబాద్ దగ్గర పస్తాపూర్‌లో దళిత మహిళలు వీడియో నేర్చుకుని తమ సేద్యం గురించి తామే సినిమాలు తీశారు, ఒంటరిగా కాదు, సంఘంగా. ఈమెకూ అలాంటి తోడు కావాలి. తీసింది ఆమె దగ్గరే ఉండాలి. చూపించడం, చెరిపేయడం ఆమె ఇష్టం. మన సంఘం మీటింగులో వేయాలన్నా ముందు ఆమెను అడగాల్సిందే.