ఆట ఆపితే చార రాదు
సూరత్‌లో తాపీ వంతెన మీద స్టాండుకు బిగించిన కెమెరా షట్టర్‌ను 30 సెకన్లు తెరిచి ఉంచితే వాహనాల దీపాలు వెలుగు చారలవుతాయి. వీడియో గేముల్లో ఆ పప్పులుడకవు. ఫోటో మోడ్ 2004 నాటి గ్రాన్ టురిస్మో 4లోనే ఉన్నా, చాలా ఆటల్లో అది నొక్కగానే కాలం ఆగిపోతుంది. చార పడాలంటే కాలం నడవాలి. కిటుకేమిటంటే, ఆటను సాగనిచ్చి, కోణం కదలకుండా వరుసగా 30 స్క్రీన్‌షాట్లు తీయాలి. ఉచితంగా దొరికే జింప్‌లో పొరలుగా పేర్చాలి. దీపాల చారలకైతే ప్రతిచోటా ఎక్కువ వెలుగున్న చుక్కనే మిగల్చాలి. నీరు పొగమంచులా కనిపించాలంటే సగటు తీయాలి: అడుగు పొర 100 శాతం, ఆపైవి 50, 33, 25గా పలచన చేస్తూ పోవాలి. షాట్ల మధ్య ఎడం పెరిగితే చార చుక్కలుగా తెగుతుంది. తెగిన పోగు సంగతి మరమగ్గాల మధ్య పెరిగిన సూరత్ తెలుగు కుర్రాళ్లకు వేరే చెప్పాలా?