ఏజెంటుకు కోర్టులో ఊరట వస్తే మీ ప్రీమియం డబ్బు సంగతేమిటి?

విశాఖ, అనకాపల్లి పల్లెల్లో బెల్లం డబ్బు చేతికి రాగానే బీమా ప్రీమియాన్ని ఊళ్లోని ఏజెంటుకే ఇచ్చేయడం చాలా కుటుంబాలకు అలవాటు. బ్రాంచి ఆఫీసుకు వెళ్లి రావాలంటే ఒక పూట పని పోతుంది మరి. ఆ డబ్బు ఆఫీసులో కట్టలేదని తేలి, ఎల్‌ఐసీ అతని ఏజెన్సీని రద్దు చేసిందనుకోండి. కొన్నాళ్లకు అదే మనిషి 'హైకోర్టు ఆ రద్దును కొట్టేసింది, నా తప్పేమీ లేదు' అంటూ మళ్లీ మీ గడపలోకి రావచ్చు. అందులో మొదటి మాట నిజమే కావచ్చు. రెండోది నిజమవ్వాలనేమీ లేదు.

ఎల్‌ఐసీ 1956 చట్టంతో ఏర్పడిన ప్రభుత్వ రంగ సంస్థ. అందుకే దాని ఉత్తర్వుల మీద హైకోర్టులో రిట్ వేయవచ్చు. ప్రైవేటు కంపెనీల ఏజెంట్లకు సాధారణంగా ఈ దారి ఉండదు. ఏజెంటు అంత దూరం వెళ్లడానికి కారణం ఉంది. పాత పాలసీల మీద ఏటా వచ్చే రెన్యువల్ కమీషన్ అతనికి పింఛను లాంటిది. మోసం రుజువై ఏజెన్సీ పోతే అది కూడా పోతుంది.

కోర్టు చూసేది ప్రధానంగా విచారణ జరిగిన తీరు. షోకాజ్ నోటీసు ఇచ్చారా, ఆరోపణ ఏమిటో స్పష్టంగా చెప్పారా, జవాబు చెప్పుకోనిచ్చారా అని. మన రాష్ట్రానికే చెందిన ఒక పోలీసు సబ్ ఇన్‌స్పెక్టర్ కేసులో (ఆంధ్రప్రదేశ్ రాష్ట్రం, ఎస్. శ్రీరామారావు) సుప్రీంకోర్టు 1963లోనే ఈ సంగతి తేల్చింది. శాఖాపరమైన విచారణలపై హైకోర్టు అప్పీలు కోర్టు కాదు. కొంతైనా ఆధారం ఉంటే, అది సరిపోతుందా లేదా అని మళ్లీ తూచదు. ఇప్పటికీ కోర్టులు ఆ బాటలోనే నడుస్తున్నాయి.

అంటే నోటీసు సరిగా ఇవ్వలేదని రద్దు ఉత్తర్వు పోతే, ఏజెంటు నిర్దోషి అని కాదు. సాధారణంగా పద్ధతి ప్రకారం మళ్లీ విచారించే వీలుంటుంది. ఇక్కడే మీ కాగితం పనికొస్తుంది. 'ఊళ్లో అందరికీ తెలుసు' అన్నది ఆధారం కాదు. ఎప్పుడు, ఎంత ఇచ్చారో రాసి సంతకం చేసిన ఫిర్యాదు, ఏజెంటు చేతిరాత ఉన్న చీటీ, ఫోన్‌పే చెల్లింపు వివరం ఆధారాలే. మన ఊరివాడే కదా అని మొహమాటపడి నోటిమాటతో సరిపెడితే ఆ విచారణ ఫైలులో మీ గోడు ఉండదు.

అయితే ఏజెంటుకు శిక్ష పడినంత మాత్రాన మీ డబ్బు తిరిగి రాదు. ఒక కేసులో పాలసీదారు ప్రీమియం కోసం ఏజెంటుకు బేరర్ చెక్కు ఇచ్చాడు. ఏజెంటు దాన్ని మార్చుకుని డబ్బు దగ్గరే ఉంచుకున్నాడు. పాలసీదారు ప్రమాదంలో చనిపోయిన మరునాడు తీసుకెళ్లి ఆఫీసులో కట్టాడు. ప్రీమియం వసూలు చేసే అధికారం ఏజెంటుకు లేదు కాబట్టి అతనికిచ్చింది ఎల్‌ఐసీకి ఇచ్చినట్టు కాదని 1997లో సుప్రీంకోర్టు చెప్పింది. కుటుంబానికి క్లెయిమ్ దక్కలేదు. కఠినమైన తీర్పే, కానీ తెలిసి ఉండాల్సిన తీర్పు.

ఎల్‌ఐసీ అనుమతితో ప్రీమియం వసూలు చేసే ఏజెంట్లు కొందరున్నారు. వాళ్లు అప్పటికప్పుడే ముద్రిత రసీదు ఇస్తారు. అది ఇవ్వనివారికి నగదు ఇవ్వకండి.

ఇప్పటికే ఇచ్చి ఉంటే ముందుగా పాలసీ నడుస్తోందో లేదో బ్రాంచిలో అడగండి. ఆగిపోయినా, కట్టని మొదటి వాయిదా నుంచి సాధారణంగా ఐదేళ్లలోపు పునరుద్ధరించుకోవచ్చు. బ్రాంచికి రాతపూర్వకంగా ఫిర్యాదు చేసి, నకలు మీద ముద్ర వేయించుకోండి. నెలలోపు జవాబు రాకపోయినా, వచ్చింది సరిగా లేకపోయినా, ఏడాదిలోపు హైదరాబాద్‌లోని బీమా అంబుడ్స్‌మన్‌కు రాయండి. ఫీజు లేదు, లాయరు అక్కర్లేదు. డబ్బు కాజేసినందుకు పోలీసు ఫిర్యాదు వేరే దారి. ఏజెంటు రిట్ హైకోర్టులో నడుస్తోందని స్టేషన్లో వెనక్కి పంపబోతే, ఆ కేసు ఏజెన్సీ రద్దు గురించేనని చెప్పండి.