ఆమె కాదన్న తర్వాత...

ప్రేమ పేరుతో అమ్మాయి వెంటపడటం తప్పని తొమ్మిది, పది తరగతుల పిల్లలకు చెప్పాలంటే మన బడుల్లో ముందు ఏ భాషలో చెప్పాలన్నదే చిక్కు. ఇంట్లో తెలుగు, బజారులో తమిళమో కన్నడమో ఒడియానో. అందుకే మాటల్లేని సినిమాతో మొదలుపెడదామని మేమంటున్నాం.

మేము చెబుతున్నది బస్టర్ కీటన్ 1922 నాటి మూకీ ‘కాప్స్’ గురించి. నిడివి 20 నిమిషాల లోపే. మధ్యలో వచ్చే నాలుగు ఇంగ్లిష్ ముక్కలను మాస్టారు తెలుగులో చెబితే చాలు. మొదట్లో కుర్రాడు జైలు ఊచల వెనక ఉన్నట్టు కనిపిస్తాడు. తీరా చూస్తే అది అమ్మాయి ఇంటి గేటు. పెద్ద వ్యాపారివైతేనే పెళ్లి అంటుందామె. ఇక ఎవరిదో పర్సు చేతికి చిక్కుతుంది, ఎవరి సామానో బండికెక్కుతుంది, ఆ బండి పోలీసుల ఊరేగింపులోకి దూరుతుంది. ఎవడో విసిరిన బాంబుతో సిగరెట్ ముట్టించుకుని అవతల పారేస్తాడు (సిగరెట్ సంగతి వేరే రోజు మాట్లాడుకోవచ్చు). ఊళ్లో పోలీసులంతా వెంటపడతారు. పిల్లలు పడీపడీ నవ్వుతారు. నవ్వనివ్వాలి.

చివరికి పోలీసులను స్టేషన్‌లో పెట్టి తాళం వేసి, చెవి చెత్తడబ్బాలో పడేస్తాడు. అంతలో ఆమె వస్తుంది, ముఖం తిప్పుకుని వెళ్లిపోతుంది. అతను తాళంచెవి వెతికి తీసి, తలుపు తెరిచి, తానే లోపలికి నడుస్తాడు. ఆఖరి బొమ్మ సమాధి రాయి, దాని మీద అతని టోపీ.

అక్కడ లైట్లు వేసి అడగాలి: ఇందులో ఆమె తప్పేముంది? మన సినిమాల్లో హీరో ఆమె ఒప్పుకునేదాకా వెంటపడతాడు. ఇతను తన ప్రాణమే వదులుకుంటాడు. రెండింటికీ మూలం ఒకటే, ఆమె సరేననకపోతే నా బతుక్కి విలువ లేదన్న లెక్క. ఒకచోట ఆ దెబ్బ ఆమెకు తగులుతుంది, మరోచోట అతనికే.

బడిలో ప్రేమ సినిమాలేమిటని కొందరు తల్లిదండ్రులు అనవచ్చు. బడిలో చూపకపోయినా ఫోన్లో చూస్తూనే ఉన్నారు. తెలుగు హైస్కూలు ఊరికి దూరం. బస్టాపులో ఒకడు కాపు కాస్తున్నాడని తెలిస్తే మొదట ఆగేది అమ్మాయి చదువే. వాడి చదువు మాత్రం ఆగదు. వద్దన్నా వెంటపడటం 2013 నుంచే నేరం, ఇప్పుడు భారతీయ న్యాయ సంహితలో 78వ సెక్షన్. అమ్మాయికి 18 ఏళ్లు నిండకపోతే పోక్సో చట్టం కూడా వర్తించవచ్చు. ఏ రాష్ట్రంలో ఉన్నా 1098కి ఫోన్ చేయవచ్చు.

సినిమా వేసే రోజు ఆడపిల్లల తల్లులు ఎలాగూ వస్తారు. మగపిల్లల తండ్రులకు కూడా కబురు పంపండి, వారికి వీలైన ఆదివారమే పెట్టండి.